మాతంగికి ఏ రంగు వేయాలి: ఒక జాతర పటం పని

ఆరడుగుల వెడల్పు, నాలుగడుగుల ఎత్తు ఉన్న గాడా గుడ్డ, అంటే ముతక నూలు గుడ్డ. ఇంత పటానికి నాకు మామూలుగా నెలన్నర చాలు. గంగమ్మ జాతర పటానికి ఐదు నెలలు పట్టింది. చేయి తిరగక కాదు. నేను గీసిన గీత మీద ఎవరో ఒకరు వేలు పెట్టి ‘ఇదెందుకిట్టా ఉండాది?’ అని అడిగేవాళ్ళు, నా దగ్గర జవాబు ఉండేది కాదు. అందుకే అన్ని రోజులు. కలంకారీ నేర్చుకుంటున్న పిల్లలకు పనికొస్తుందని ఆ పని ఎట్లా జరిగిందో రాస్తున్నాను.

నేను శ్రీకాళహస్తిలో పని నేర్చుకున్నాను. ఇరవై రెండేళ్ళుగా ఇదే బతుకుదెరువు. మచిలీపట్నం వాళ్ళది అచ్చులతో అద్దే పని, మాది కలం పట్టి చేత్తో గీసే పని. రామాయణం, భారతం, శివలీలలు వరసగా గడులుగా గీసి, పైన తెలుగులో కథ రాసి గుళ్ళలో కట్టే గుడ్డలు మావి. నడుమ పని దాదాపు పోయింది. 1950ల చివర్లో శిక్షణ కేంద్రం పెట్టి కుర్రవాళ్ళకు నేర్పించబట్టి మా తరం దాకా వచ్చింది. ఆ గడుల్లో ఎవరికి ఏ రంగో మాకు మొదటి ఏడాదే నేర్పుతారు. దేవుళ్ళకు నీలం. రాక్షసులకు ఎరుపు, ఆకుపచ్చ. ఆడవాళ్ళకు పసుపు. ఎందుకని నేను ఎప్పుడూ అడగలేదు.

వచ్చిన పని

తిరుపతి పక్క పల్లెలో ఒక పొదుపు సంఘం. పన్నెండు మంది ఆడవాళ్ళు. సంఘం గదికి కొత్తగా సున్నం కొట్టించుకున్నారు, గోడకు ఒక పటం కావాలన్నారు. దేవుడి పటమా అని అడిగితే, సంఘం లీడరు ‘గంగజాతర కావల్లక్కా. ఏసాలన్నీ ఉండాల’ అంది.

తిరుపతి తాతయ్యగుంట గంగమ్మ జాతర గురించి ఇక్కడివాళ్ళకు చెప్పాల్సిన పని లేదు. దూరపు వాళ్ళ కోసం రెండు మాటలు. ఎండాకాలంలో, ఎక్కువగా మే నెలలో, వారం రోజులు జరుగుతుంది. కనిపించిన ఆడపిల్లనల్లా చెరపట్టే పాలెగాణ్ణి చంపడానికి అమ్మవారు పుట్టింది. ఆమె ఎవరో తెలిసిన క్షణంలో వాడు పారిపోయి దాక్కున్నాడు. వాణ్ణి వెతుకుతూ అమ్మవారు రోజుకో వేషం కట్టింది. బైరాగి, బండ, తోటి (ఊరి పనివాడు), చివరికి దొర. దొర వచ్చాడనుకుని పాలెగాడు బయటికొచ్చాడు, తల తెగింది. ఆ తర్వాత మాతంగి అనే ఆడవేషం, సున్నపు కుండల వేషం. అవిలాలలో అమ్మవారిని పెంచుకున్నామని చెప్పుకునే కైకాల వంశం వాళ్ళు ఈ వేషాలు కడతారు. వాళ్ళు కాక మొక్కుకున్న మగవాళ్ళు వందలమంది చీర కట్టి, జడ వేసి, పూలు పెట్టి గుడికి నడుస్తారు. వేషం కట్టినవాడు ఇంటి ముందుకు వస్తే ఆడవాళ్ళు కాళ్ళు కడిగి హారతిస్తారు. ఆ కాసేపు అతన్ని ‘అమ్మా’ అనే పిలుస్తారు.

అంటే ఆడ దేవత మగవేషం కట్టిన కథను, మగవాళ్ళు ఆ దేవతగా మారి ఆడి చూపిస్తారు. దొర వేషం రోజున మన ముందు నిలబడిన మనిషి, దొరగా మారిన అమ్మవారిగా మారిన మగవాడు. పుట్టిందగ్గర్నుంచి చూస్తున్నాను కాబట్టి నాకు ఇది వింతగా తోచలేదు. గుడ్డ మీదికి ఎక్కించాల్సి వచ్చినప్పుడు మొదటిసారి కలం ఆగింది.

తోటి ఎందుకు పొట్టిగా ఉన్నాడు

చింతబొగ్గుతో కాగితం మీద ముందు చిత్తు గీసి తీసుకెళ్ళాను. నడుమ పెద్దగా దొర వేషం, పాలెగాడి తల. కుడివైపు మాతంగి. ఎడమ మూలన కింద బైరాగి, బండ, తోటి చిన్నచిన్నగా. మా పద్ధతి అదే. ముఖ్యమైనవాళ్ళు పెద్దగా, పరివారం చిన్నగా. రాజసభ గీస్తే భటుడు రాజు మోకాలి ఎత్తుకు రాడు.

అందరూ బాగుందన్నారు. వెనక గోడకు ఆనుకుని కూర్చున్న పెద్దావిడ మాత్రం లేచి వచ్చి తోటి బొమ్మ పక్కన వేలు పెట్టింది.

‘మా తాత ఈ ఊరికి తోటి పని చేసినాడు అమ్మణ్ణీ. దండోరా ఏసేది, శిస్తు కట్టమని ఇంటింటికీ తిరిగేది, చచ్చిన గొడ్డును ఈడ్చేది. అందరూ ఆయన్ని ఒరేయ్ అనేటోళ్ళే. అమ్మోరు ఆ ఏసం గూడా కట్టింది గదా. మరి దొరంత ఎత్తు ఎందుకు లేడు?’

నేను మా పద్ధతి చెప్పబోయాను. రెండు మాటలు చెప్పి ఆగిపోయాను. నేను చెప్తున్నది తప్పని నాకే తెలిసింది. రాజసభలో రాజు వేరు, భటుడు వేరు. జాతరలో దొరా తోటీ ఒకరే, ఇద్దరూ గంగమ్మే. దొరను పెద్దగా గీసి తోటిని మూలకు నెట్టినప్పుడు నేను గీసింది అమ్మవారి కథ కాదు, ఊళ్ళో ఎవరు ఎక్కడ నిలబడాలో మనకు అలవాటైన వరస. ఆవిడ తాత ఊరి చివర నిలబడ్డాడు, నేను అతన్ని పటం చివర నిలబెట్టాను.

ఆ చిత్తు పక్కన పెట్టేశాను. కొత్తదాంట్లో ఆరు వేషాలూ ఒకే ఎత్తు, ఒకే వరస, అందరి పాదాలూ ఒకే గీత మీద. పాలెగాడి తల దొర కాలి దగ్గర. చూపుకు ఇది కొంచెం చప్పగా ఉంటుందని భయపడ్డాను. పెద్దబొమ్మ ఒకటి ఉంటే కన్ను అక్కడికి పోతుంది, ఒకే ఎత్తులో ఆరు ఉంటే కన్ను నిలవదు. అందుకని ఆరుగురి చూపులు వేరువేరు దిక్కులకు తిప్పాను. బైరాగి వెనక్కి, తోటి నేరుగా మనవైపు. పక్కకు తిరిగిన ముఖాలే మాకు అలవాటు. ఎదురుగా చూసే ముఖం గీసినప్పుడు ముక్కు దగ్గర నాకు ఇప్పటికీ చేయి వణుకుతుంది.

పసుపు

ఇదే అసలు చిక్కు.

గీతలయ్యాక రంగుల మాట వచ్చింది. ఆడవాళ్ళకు పసుపు అని నేను యథాలాపంగా అన్నాను. లీడరు మరిది అక్కడే ఉన్నాడు. ఆటో నడుపుతాడు, పదేళ్ళప్పుడు జబ్బు చేస్తే వాళ్ళమ్మ మొక్కుకుంది, అప్పట్నుంచి ఏటా చీర కడుతున్నాడు. మాతంగి బొమ్మకు అతన్నే చూసి గీశాను. అతను నవ్వుతూ తన చేయి చాపాడు. ‘ఇది పసుపా అక్కా?’ నిగనిగలాడే నలుపు. చుట్టూ ఉన్న ఆడవాళ్ళు కూడా తలా ఒక చేయి చాపారు. ఆ పన్నెండు మందిలో పసుపు ఎవరూ లేరు. నేనూ లేను.

ఆ రాత్రి నా పాత పనుల ఫోటోలు తీసి చూసుకున్నాను. ఇరవై రెండేళ్ళలో నేను వేసిన సీతలు, పార్వతులు, చెలికత్తెలు, గొల్లభామలు అందరూ పసుపే. ద్రౌపది దగ్గర ఆగాను. ఆమెకు కృష్ణ అనే పేరు ఒంటి నలుపు వల్లే వచ్చింది, భారతమే ఆ మాట చెబుతుంది. మా చిత్తూరు వైపు ధర్మరాజుల గుళ్ళలో ఆమెను అమ్మవారిగా కొలుస్తారు, తిరునాళ్ళకు పద్దెనిమిది రోజులు భారతం చెప్పిస్తారు. ఆ గుళ్ళ కోసమే నేను నాలుగు ద్రౌపదుల్ని వేశాను. నలుగురూ పసుపు.

మా గురువుగారి దగ్గరికి వెళ్ళాను. ఎనభై దాటాయి, కలం పట్టి చాలాకాలమైంది. ఆయన చెప్పింది తేలిగ్గా తీసేయడానికి లేదు. ‘రంగు అక్షరం లాంటిదమ్మా. గుళ్ళో దీపం వెలుతురులో, జనం వెనక నుంచి చూసేవాడికి ఎవరు దేవుడో ఎవరు రాక్షసుడో ఎవరు ఆడమనిషో తెలియాల. అ అనే అక్షరం అ లాగే ఎందుకుండాది అని అడగము గదా.’ నిజమే. నీలం వేసిన రాముణ్ణి చూసి రాముడి ఒళ్ళు నీలమని ఎవరూ అనుకోరు. కానీ నీలం, ఎరుపు, ఆకుపచ్చ ఏ మనిషి ఒంటికీ దగ్గరగా లేవు. పసుపు అట్లా కాదు. మనం పెళ్ళిచూపుల్లో పచ్చగా ఉంది పిల్ల అంటాం. ఆ అక్షరం ఒక్కటే మనుషుల్ని కొలవడానికి పనికొస్తోంది. ఈ మాట ఆయనతో అన్నాను. చాలాసేపు మాట్లాడలేదు. చివరికి ‘నల్లటి ఒళ్ళు ఎట్లా తెస్తావు?’ అని అడిగాడు. అది పనివాడి ప్రశ్న, వద్దనడం కాదు.

నలుపు తేవడం

ఎట్లా తేవాలన్నది నిజంగానే పెద్ద సంగతి. మా పని వరస ఇది. గుడ్డను కరక్కాయ పొడి, పచ్చి ఎనుము పాలు కలిపిన నీళ్ళలో నానబెట్టి ఎండబెడతాం. పాలలోని జిడ్డు ఉంటే రంగు పాకదు. కసింతో గీతలు గీస్తాం. కసిం అంటే తుప్పు ఇనుము, బెల్లం నీళ్ళలో వేసి రెండు మూడు వారాలు పులియబెట్టిన నీళ్ళు. చూడ్డానికి గోధుమరంగుగా ఉంటుంది, కరక్కాయ ఉన్న గుడ్డను తాకగానే నల్లబడుతుంది. తర్వాత ఎరుపు కావాల్సిన చోట పటిక నీళ్ళు పూస్తాం. ఆరిపోయాక పారే నీళ్ళలో ఉతికి, మంజిష్ఠ వేసి ఉడకబెడితే పటిక పడిన చోటే ఎరుపు అంటుకుంటుంది. స్వర్ణముఖిలో నీళ్ళున్న రోజుల్లో ఈ ఉతుకుడంతా అక్కడే, ఇప్పుడు ఎక్కువగా బోరు నీళ్ళే. అదంతా అయ్యాక మళ్ళీ పాలు పట్టించి, కరక్కాయ పువ్వుతో పసుపు, చివర్లో నీలం. పసుపు మీద నీలం పడితే ఆకుపచ్చ.

అంటే మా పటంలో ఆడమనిషి ఒళ్ళు చివరిదాకా తెల్లగుడ్డగానే ఉంటుంది. ముందు ఆమె చీర ఎర్రగా ఉడుకుతుంది, నగలకు చోటు దొరుకుతుంది, ఒంటి సంగతి ఆఖర్న రెండు పూతల్లో అయిపోతుంది. చామనఛాయ కావాలంటే అట్లా కుదరదు. పటిక దశలోనే తేల్చుకోవాలి. పటికలో కొంచెం కసిం కలిపి పూస్తే, మంజిష్ఠలో ఉడికాక ఎరుపు, నలుపు కలిసి ముదురు గోధుమరంగు వస్తుంది. ఎంత కలపాలన్నదే తెలియదు.

పదకొండు పేలికల మీద ప్రయత్నించాను. మొదటిదాంట్లో గిన్నెడు పటిక నీళ్ళకు ఆరు చెంచాల కసిం. ఉడికాక బొగ్గులాగా వచ్చింది. కన్ను, ముక్కు, పెదవి గీతలన్నీ ఒళ్ళులో కలిసిపోయాయి. ముఖమే పోయింది. ఒక చెంచాతో చేస్తే ఊదా ఎరుపు, దెబ్బ తగిలి కమిలినట్టు. రెండున్నర చెంచాల దగ్గర నాకు కావాల్సింది కనిపించింది, ఎండలో పనిచేసిన చేయి రంగు. ఇంకోటి కూడా చూసుకోవాలి. ఇనుము ఎక్కువైతే ఏళ్ళ మీద గుడ్డను తినేస్తుంది. చాలా పాత కలంకారీల్లో నల్లగీతల దగ్గరే గుడ్డ చిరిగి ఉంటుంది. గీతంటే సన్నం. ఒళ్ళంతా ఇనుము పూస్తే ఆ మనిషే రాలిపోతుంది. కాబట్టి రెండున్నర దాటకూడదు. గీతలు కనబడ్డానికి ఉడకబెట్టాక ముఖాల్లో కసింతో రెండోసారి గీశాను. పటం మొత్తంలో ఎక్కువ ఓపిక దానికే పట్టింది.

నేర్చుకునేవాళ్ళు ఈ కొలత అట్లాగే తీసుకోవద్దు. మీ కసిం ఎంత పులిసిందో, మీ నీళ్ళు ఎట్లాంటివో దాన్ని బట్టి మారుతుంది. పేలికల మీద చూసుకోండి.

మీసం

మాతంగి సంగతి ఇంకా తేలలేదు. ఆ మధ్య ఒక పెద్ద సినిమాలో హీరో ఒంటికి నీలం పూసుకుని చీరలో ఈ జాతర ఆడాడు. సంఘంలో చిన్నవాళ్ళు అట్లాగే వేయమన్నారు. మా లెక్కలో నీలం దేవుడు కాబట్టి అదీ కుదిరేదే. కొందరు, అమ్మవారు కాబట్టి ఆడమనిషిలాగే పసుపు వేసి, నున్నటి ముఖం పెట్టమన్నారు. మగవాడని తెలిస్తే అమ్మవారు కాకుండా పోతుందని వాళ్ళ భయం. మరిది మాత్రం ఒక్కమాటే పట్టుకున్నాడు. ‘నాకు మీసం పెట్టక్కా. మొక్కు తీర్చింది నేను. ఆ మూడు గంటలు నేనే అమ్మను. మీసం తీసేస్తే ఇంకెవరో అవుతారు.’

జాతరలో మీసాలతోనే చీర కట్టి నడిచేవాళ్ళు ఎంతోమంది. ఎవరికీ అడ్డురాదు. పటంలోనే ఎందుకు అడ్డొచ్చింది? జాతరలో మనిషి మన ముందు మారతాడు, కొప్పు పెట్టడం చూస్తాం, పూలు చుట్టడం చూస్తాం. పటంలో ఆ మారడం ఉండదు, మారిపోయినది ఒక్కటే కనిపిస్తుంది. అందుకే చూసేవాళ్ళు ఏదో ఒకటి తేల్చమంటారు. నాకు తేల్చాలని లేదు. తేల్చకుండా ఎట్లా గీయాలో కూడా తెలియలేదు.

దారి చూపింది పెద్దావిడే. ‘పసుపు పూసుకునేది మొగానికీ కాళ్ళకీ. ఒళ్ళంతా ఎవురు పూసుకుంటారు?’

అంతే. ముఖానికి, పాదాలకు పసుపు, మెడ కింద నుంచి అసలు ఒంటి రంగు. పసుపు ఇక రంగుల లెక్కలో ఆడమనిషికి గుర్తు కాదు, నిజంగా పూసుకున్న పసుపు. మాతంగికి అదే, మిగతా వేషాలకూ అదే, చుట్టూ హారతిచ్చే ఆడవాళ్ళకూ అదే. మీసం ఉంది. పసుపు ముఖం మీద నల్లటి మీసం ఎంత స్పష్టంగా కనిపిస్తుందో నేను ఊహించలేదు.

పనిలో దీనికో ఇబ్బంది. గోధుమరంగు పడినచోట కరక్కాయ పువ్వు పసుపు కనబడదు. ముఖం, పాదాలు పటిక దశలో ముట్టకుండా వదిలేయాలి. మెడ దగ్గర రెండు రంగులు కలిసే గీత మొదటి బొమ్మలో కత్తితో కోసినట్టు వచ్చింది, ముఖం ముసుగులా కనిపించింది. మిగతావాటిలో ఆ అంచును గరుకుగా, చేత్తో పూసి వదిలేసినట్టు గీశాను. చెవుల వెనక పసుపు అందకుండా వదిలాను, మన ఇళ్ళల్లో తొందరలో పూసుకున్నట్టు. ఆ మొదటి బొమ్మ బైరాగిది. అదట్లాగే ఉండిపోయింది. గుడ్డ మీద తప్పు చెరపడానికి మా పనిలో వీల్లేదు.

పైన రాసే కథ

గడుల మీద రాసే తెలుగును మేము గ్రాంథికంలో రాస్తాం. నేను రాసుకెళ్ళింది: ‘దొరవేషమున పాలెగాని శిరస్సు ఖండించుట.’ చదివి వినిపించాను. ఎవరూ ఏమీ అనలేదు. అర్థం కాలేదేమోనని మామూలు మాటల్లో చెప్పబోతే పెద్దావిడే ఆ మాటను పూర్తి చేసింది: ‘దొరేసం కట్టి పొయ్యి వాడి తల తెగనరికినాది మాయమ్మ.’ గది మొత్తం నవ్వింది, ఒకామె కళ్ళు తుడుచుకుంది. అదే రాయమన్నారు.

ఒప్పుకోనిది డిగ్రీ చదివే అమ్మాయి ఒక్కతే. ‘పరీక్షలో ఇట్లా రాస్తే మార్కులు కట్ చేస్తారు. గోడ మీద చూసినోళ్ళు వీళ్ళకు చదువు రాదనుకుంటారు.’ ఆ అమ్మాయిని కాదనడానికి నాకు మనసొప్పలేదు. మా జిల్లా మాట కథల్లోకెక్కి నలభై ఏళ్ళు దాటింది, దాన్ని మెచ్చుకునేవాళ్ళలో ఎక్కువమంది పుస్తకాల తెలుగు కూడా చేతిలో ఉన్నవాళ్ళు. కోర్టుకు, బ్యాంకుకు ఏ తెలుగు కావాలో వాళ్ళకు తెలుసు. ఈ అమ్మాయి ఇంకా ఆ గట్టు ఎక్కుతోంది. ఎక్కేటప్పుడు కిందికి చూడమంటే భయమేస్తుంది.

ఆరు వాక్యాలూ ఆమెనే రాయమన్నాను. వాళ్ళు చెప్పినట్టే, తన దస్తూరీలో. కాగితం నుంచి నేను గుడ్డ మీదికి దించాను. ‘తెగనరికినాది’ దగ్గర ‘నరికింది’ అని మార్చింది. పెద్దావిడ మళ్ళీ మార్పించింది. ఆ మాట మీద ఇప్పటికీ ఇద్దరికీ పడదు.

తర్వాత

సంఘానికి ఇచ్చే ముందు ఈ పటాన్ని ఒక ప్రదర్శనకు పంపాను. సంప్రదాయ వర్ణక్రమం పాటించలేదని తిప్పి పంపారు. బాధేసింది. పదకొండు పేలికలూ వాళ్ళ ముందు పెట్టి మాట్లాడాలనుకున్నాను, ఆ అవకాశం రాలేదు. వాడిన ప్రతి పదార్థం, ప్రతి దశ మా పెద్దలు నేర్పినదే. పటికలో కసిం కలపడం ఎప్పటి నుంచో ఉన్న విద్య, పువ్వులకూ అంచులకూ వాడాం. మనుషుల ఒంటికి వాడలేదు, అంతే తేడా. గురువుగారు పటం చూసి బైరాగి మెడ దగ్గర తప్పు మొదట పట్టుకున్నాడు. తర్వాత తోటి ముఖం దగ్గర చాలాసేపు నిలబడ్డాడు. ఆ కసిం కొలత రాసిమ్మన్నాడు.

డబ్బు లెక్కలో నాకిది నష్టం. ఒప్పుకున్న మాట నెలన్నర పనికి, పెంచి అడగలేదు. ఇప్పుడు ఎవరైనా మా కథ గీయమని వస్తే ముందు మూడు సార్లు కూర్చుని మాట్లాడతాను, ఆ రోజుల కూలి కూడా ధరలో కలుపుతాను. ద్రౌపదిని వేయమని ఈమధ్య ఒక ఊరివాళ్ళు వచ్చారు. నల్లటి ఒళ్ళు, పసుపు ముఖం వేసి చూపించాను. ఊళ్ళో అడిగి చెప్తామని వెళ్ళారు. ఇంకా ఏమీ చెప్పలేదు.

పటం సంఘం గదిలో ఉంది. అద్దం బిగించమని చెప్పాను, వద్దన్నారు. పోయిన నెల వెళ్ళి చూస్తే మాతంగి పాదాల దగ్గర పసుపు చిక్కబడి ఉంది. నేను వేసింది కాదు. శుక్రవారం శుక్రవారం అప్పులు లెక్క చూసుకోవడానికి కూర్చునే ముందు, ఎవరో ఒకరు వేలితో పసుపు తీసి పాదాలకు పూస్తున్నారట. కొమ్ము పసుపు గుడ్డ మీద నిలవదు, వెలుతురుకు వెలిసిపోతుంది. వెలిసినప్పుడల్లా మళ్ళీ పూస్తున్నారు. పటం పాడవుతుందని చెబుదామని నోరు తెరిచాను. దగ్గరికి వెళ్ళి చూశాను. తోటి పాదాలకు కూడా పూసి ఉంది. నా పసుపు ఎక్కడ ఆగిందో, వాళ్ళది ఎక్కడ మొదలైందో నాకు తెలియలేదు.